గుండ్రబల్ల మీద లేని పేర్లు

మీ ఇంట్లో టెలివిజను ఉండే ఉంటుంది. దాన్ని చూడాలంటే మీరు ఒక మీట నొక్కితే చాలు. నా తొమ్మిదో ఏట నేను టెలివిజను చూడాలంటే ముందు బూట్లు తుడుచుకోవాలి, చేతులు సబ్బుతో కడుక్కోవాలి, తల దువ్వుకోవాలి. ఆ తరవాత మెట్లు దిగి వెళ్లి, ఒక తలుపు మీద రెండంటే రెండేసార్లు తట్టాలి. మూడోసారి తడితే ఇంటావిడకు కోపం వచ్చేది.

ఇది లండనులో మాట. మాది నరసరావుపేట. 1956లో మా నాన్నగారు వైద్యంలో పైచదువు కోసం లండను వెళుతూ, అమ్మనూ నన్నూ కూడా వెంట తీసుకుపోయారు. బొంబాయిలో ఓడ ఎక్కాం. సముద్రం ఉన్నంత మేరా అమ్మకు వాంతులూ, నాకు సంబరమూను.

ఓడ దిగాక మాకు మొదటి పని ఇల్లు వెతుక్కోవటం అయింది. గదులు అద్దెకు ఇస్తామని బోర్డు కట్టిన ఇంటికి వెళ్లి తలుపు తట్టేవాళ్లం. తలుపు తీసినవాళ్లు మమ్మల్ని చూడగానే, "అయ్యో, ఇప్పుడే ఇచ్చేశామండీ," అనేవాళ్లు. మర్నాడు అటుగా వెళితే బోర్డు అక్కడే ఉండేది. కొందరు అంత శ్రమ కూడా పడకుండా, నల్లవారికి ఇవ్వబడదు అని కిటికీలోనే రాసి పెట్టేవాళ్లు. అలా రాయటం ఆ రోజుల్లో నేరం కాదు. రంగును బట్టి ఇల్లు ఇవ్వననటం 1968లో గాని అక్కడ చట్టవిరుద్ధం కాలేదు. నాన్నగారు లెక్క పెట్టారు: పదకొండు ఇళ్లు కాదన్నాయి, పన్నెండోది ఔనన్నది. మేడమీద రెండు గదులు. దిగిన రాత్రే అమ్మ నన్ను దగ్గర కూచోబెట్టుకుని, "చూడు నాయనా, ఇక్కడ గెంతకు, అరవకు, ఏదీ పగలగొట్టకు. ఈ ఇల్లు పోతే మనకు ఇంకో ఇల్లు లేదు," అని చెప్పింది. ఆ మాట ఆవిడ తరవాత కూడా ఎన్నోసార్లు అన్నది. మీరు ఈ మాట గుర్తుంచుకోండి, దానితో పని ఉంది.

ఇంటావిడ కింద గదిలో టెలివిజను ఉండేది. 1953లో ఎలిజబెత్ రాణి పట్టాభిషేకం చూడటానికని కొన్నదట. అప్పుడు ఇంగ్లండులో చాలామంది అలాగే కొన్నారు. 1955 సెప్టెంబరులో లండనులో ఐ.టి.వి. అనే రెండో ప్రసారం మొదలైతే, అది కూడా అందుకోవటానికి ఆవిడ ఒక చిన్న పెట్టె తెచ్చి దానికి తగిలించింది. టెలివిజను చెక్కబీరువా అంత ఉండేది. దాని నడుమ తెర మాత్రం మన అట్లాసు పుస్తకమంత. లోపల ఒక వెలుగు చుక్క ఎడమ నుంచి కుడికి గీతలు గీసుకుంటూ పైనుంచి కిందికి పోతుంది. ఆనాటి ఇంగ్లండు టెలివిజనులో ఒక బొమ్మకు 405 గీతలు. సెకనుకు అలాంటి బొమ్మలు 25. చుక్క అంత వేగంగా పరిగెత్తుతుంది గనక మన కన్ను దాన్ని పట్టుకోలేక, మొత్తం బొమ్మ ఒక్కసారే ఉన్నదని మోసపోతుంది. బాగా దగ్గరికి వెళితే గీతలు కనిపించేవి. బాగా దగ్గరికి వెళితే ఇంటావిడ కేక కూడా వినిపించేది.

1956 సెప్టెంబరు 15, శనివారం. ఆ సాయంత్రం ఆ తెర మీద మొదటిసారిగా ఒక రౌతు కనిపించాడు. ఒంటిమీద కవచం, చేతిలో బల్లెం, కింద గుర్రం. అది "సర్ లాన్సిలాట్ సాహసాలు" అనే కథల వరస. అటు తరవాత 1957 వసంతం దాకా వారానికి ఒక కథ, అరగంటసేపు. మొత్తం 30 కథలు.

లాన్సిలాట్ ఎవరో మీలో కొందరికి తెలిసే ఉంటుంది. పూర్వం ఇంగ్లండులో ఆర్థర్ అనే రాజు ఉండేవాడని, ఆయన కొలువులో నైట్లు అనే యోధులుండేవారని, వాళ్లంతా ఒక గుండ్రబల్ల చుట్టూ కూచునేవారని అక్కడివాళ్లు వందల ఏళ్లుగా చెప్పుకుంటున్నారు. ఆర్థర్ నిజంగా ఉన్నాడో లేడో రుజువు లేదు గాని, నైట్లు మాత్రం నిజంగా ఉండేవాళ్లు. నైటు కావటం తేలిక కాదు. గొప్పింటి పిల్లవాణ్ణి ఏడేళ్లకే ఇంకో ప్రభువు కోటకు పంపేవాళ్లు. అక్కడ బల్ల దగ్గర వడ్డించాలి, మర్యాదలు నేర్చుకోవాలి. పద్నాలుగేళ్లకు ఒక నైటుకు అనుచరుడై ఆయన గుర్రాన్ని మాలీసు చెయ్యాలి, కవచం తోమాలి, యుద్ధంలో వెంట ఉండాలి. ఇరవై ఒకటి వచ్చేసరికి నైటు కావచ్చు, అదీ తగినవాడైతే. బలహీనులను కాపాడతాననీ, ఇచ్చిన మాట తప్పననీ అతను ప్రమాణం చెయ్యాలి. చేసినవాళ్లందరూ నిలబెట్టుకున్నారని చరిత్ర చెప్పదు. పల్లెలు తగలబెట్టిన నైట్లూ ఉన్నారు. కాని ఆ శనివారాల్లో నాకు ఆ సంగతి తెలియదు.

లాన్సిలాట్ వేషం వేసినవాడు విలియం రసెల్. మేము చూసిన కోటలో బ్రయన్ అనే కుర్రవాడు ఉండేవాడు. వాడు మొదట వంటశాలలో పనివాడు. వాడికి యోధుడు కావాలని ఆశ. వంటవాడికి కత్తెందుకని అందరూ నవ్వితే, లాన్సిలాట్ వాణ్ణి చేరదీసి తన అనుచరుడుగా పెట్టుకుంటాడు. మెర్లిన్ అనే ముసలాయన కూడా ఉండేవాడు. పాత గ్రంథాల్లో ఆయన మహా మంత్రవేత్త. ఈ కథల్లో మాత్రం ఆయన మంత్రాలన్నీ యుక్తులే. పాత గ్రంథాల్లో లాన్సిలాట్ కథ చాలా విషాదంగా ముగుస్తుంది, ఆ గుండ్రబల్లే చెదిరిపోతుంది. ఇంటిల్లిపాదీ చూసేది గనక ఆ దుఃఖమంతా ఇందులో తీసేశారు. నాకు దాని మీద ఫిర్యాదు లేదు. తొమ్మిదేళ్ల వయసులో ఎంత దుఃఖం కావాలో అంతే కావాలి.

ఆ శనివారాల్లో నేను ఒక్కణ్ణే కాదు. రెండిళ్ల అవతల మరో కుర్రవాడు ఉండేవాడు, నా ఈడువాడే. వాళ్ల నాన్న బొగ్గు బండి తోలేవాడు. వాళ్లకు టెలివిజను లేదు. మొహం నిండా గోధుమరంగు మచ్చలు, ముందు పన్ను ఒకటి సగం విరిగింది. బడిలో మొదటి రోజున నా పక్కన ఎవరూ కూచోకపోతే వాడు వచ్చి కూచున్నాడు. ఇంటావిడను ఎలా ఒప్పించాడో గాని, శనివారం సాయంత్రం వాడూ బూట్లు తుడుచుకుని వచ్చి నా పక్కన తివాచీ మీద కూచునేవాడు. వాడి పేరు మీకు చెప్పను. ఎందుకు చెప్పనో కాసేపట్లో మీకే తెలుస్తుంది.

ఆదివారం పొద్దున్నే మా ఇద్దరికీ పెరట్లో యుద్ధం. చెత్తడబ్బా మూతలు డాళ్లు. బట్టలారేసే తాడు కిందికి జారకుండా ఊతం పెట్టే పొడుగాటి కర్ర బల్లెం. గుర్రాలు లేవు గనక మా కాళ్లే గుర్రాలు. మీరు నమ్ముతారో నమ్మరో గాని, లాన్సిలాట్ కావటానికి మేము పోట్లాడుకోలేదు. బ్రయన్ కావటానికే పోట్లాడుకునేవాళ్లం. లాన్సిలాట్ కావాలంటే మీసాలు రావాలి. బ్రయన్ కావటానికి రేపు పొద్దున చాలు.

శనివారం రాత్రి నేను కథంతా అమ్మకు తెలుగులో చెప్పేవాణ్ణి. అమ్మ గాసు పొయ్యి మీద వంట చేస్తూ వినేది. ఆ పొయ్యికి ఒక మీటరు ఉండేది. అందులో షిల్లింగు నాణెం వేస్తే మంట వచ్చేది. నాణెం విలువ అయిపోగానే మంట ఆరిపోయేది, పప్పు ఉడికినా ఉడక్కపోయినా. ఒక రాత్రి నేను గుండ్రబల్ల సంగతి చెప్పాను. పొడుగు బల్ల అయితే చివర ఎవరు, మొదట ఎవరు అని తగువు వస్తుంది. గుండ్రబల్లకు చివరా లేదు, మొదలూ లేదు, అందరూ సమానమే అన్నాను. అమ్మ పుట్టిల్లు మాచర్ల దగ్గర. ఆవిడ గరిటె తిప్పటం ఆపి, "ఇందులో వింతేముందిరా? మా పల్నాట్లో బ్రహ్మనాయుడు చాపకూడు పెట్టలేదూ? అన్ని కులాలవాళ్లనీ ఒకే చాప మీద కూచోబెట్టి అన్నం పెట్టాడు," అన్నది. కాసేపు ఆలోచించి, "కాని చాపకు కొసలుంటాయి. వీళ్లకు మంచి వడ్రంగి దొరికాడు," అన్నది.

ఇక ఆ రోజు సంగతి.

1957 మార్చి నెల, ఆదివారం. మా పెరటి గోడకు అవతల ఒక ముసలాయన ఉండేవాడు. ఆ చలిదేశంలో మొక్కలు బతకటానికి గాజుపలకలతో చిన్న ఇల్లు కడతారు. ఆయన అలాంటి గాజింట్లో టమాటా నారు పోసుకున్నాడు. ఆ పూట బ్రయన్ వంతు నాది. గోడ మీద ఒక ఖాళీ డబ్బా పెట్టి, బల్లెం పట్టుకుని, అరుచుకుంటూ పరిగెత్తాను. డబ్బా తప్పింది. కర్ర చేతిలోనుంచి జారి గోడ దాటిపోయింది. ఆ తరవాత వచ్చిన చప్పుడు నాకు ఇప్పటికీ వినిపిస్తుంది. రెండు పలకలు పోయాయి. నారు మీద గాజుముక్కలు.

ముసలాయన వచ్చాడు. ఇంటావిడ వచ్చింది. మేమిద్దరం ఉత్త చేతులతో నిలబడి ఉన్నాం. "ఎవరు చేశారు?" అన్నది ఇంటావిడ.

నాకు అమ్మ మాట చెవుల్లో గింగురుమన్నది. పదకొండు ఇళ్లూ, వాటి తలుపులూ నా కళ్ల ముందు వరసగా మూసుకున్నాయి. నేను పక్కవాడి పేరు చెప్పాను. వేరే ఏమీ అనలేదు. ఒక్క పేరు, అంతే.

వాడు నావైపు తిరిగి చూశాడు. ఏదో అనటానికి నోరు తెరిచాడు. అప్పుడు వాడి చూపు మా మేడమీది కిటికీ మీదికి వెళ్లింది. అక్కడ అమ్మ తడిబట్ట చేత్తో పట్టుకుని, కిందికి చూస్తూ నిలబడి ఉన్నది. ఇల్లు దొరకటానికి మేము పడిన పాట్లు వాడికి తెలుసు, నేనే చెప్పాను. వాడు నోరు మూసుకుని, మళ్లీ తెరిచి, "అవునండీ, నేనే," అన్నాడు.

గాజు ఖరీదు తీరేదాకా వాళ్ల నాన్న వాడికి వారం వారం ఇచ్చే పెన్నీలు ఆపేశాడు. శనివారం టెలివిజను కూడా బందు అయింది. మిగిలిన కథలు నేను ఒక్కణ్ణే చూశాను. నా పక్కన తివాచీ మీద ఒక మనిషి కూచునేంత చోటు అలాగే ఉండిపోయింది. ఆ చివరి కథల్లో ఏం జరిగిందో నాకు ఒక్క ముక్క గుర్తు లేదు.

వాడు నాతో మాట్లాడటం మానలేదు. అదే నాకు కష్టంగా ఉండేది. జులైలో మేము తిరుగు ప్రయాణమైన రోజున వాడు వచ్చి, మా పెద్ద పెట్టెకు ఒకపక్క తాను పట్టి, మెట్లు దింపి టాక్సీదాకా మోశాడు. "సముద్రపు దొంగలుంటారు, జాగ్రత్త," అన్నాడు. నేను చెప్పవలసినది ఒకటే మాట. చెప్పలేదు. టాక్సీ మలుపు తిరిగాక నాన్నగారు, "మంచి కుర్రవాడులా ఉన్నాడే. పేరేమిటి?" అని అడిగారు. నాకు నోరు పెగల్లేదు.

ఆ కథలు ఎలా తీశారో, ఎవరు రాశారో ఎన్నో ఏళ్లు నాకు తెలియదు. పెద్దవాణ్ణయి, ఉద్యోగంలో ఉండగా చదివి తెలుసుకున్నాను. తీసిన చోటు లండనుకు నైరుతి దిక్కున ఉన్న వాల్టన్-ఆన్-థేమ్స్ అనే ఊరు. అక్కడ నెటిల్‌ఫోల్డ్ స్టూడియో ఉండేది. అది చాలా పాతది. ఆ ఊళ్లోనే 1903లో సెసిల్ హెప్‌వర్త్ అనే ఆయన "ఆలిస్" కథను మొట్టమొదటిసారి సినిమాగా తీశాడు. లాన్సిలాటుకు ముందు, 1955 నుంచి, అదే కంపెనీవాళ్లు అదే స్టూడియోలో "రాబిన్ హుడ్ సాహసాలు" తీస్తున్నారు. వారానికో కథ పూర్తి కావాలి. ప్రతిదానికీ కొత్తగా కోట కట్టాలంటే ఎక్కడ కుదురుతుంది? అందుకని పీటర్ ప్రౌడ్ అనే కళాదర్శకుడు ఒక యుక్తి పన్నాడు. గోడలకూ, మెట్లకూ, పొయ్యికీ, చెట్లకూ కూడా కింద చక్రాలు బిగించాడు. పొద్దున రాజుగారి సభగా ఉన్నది, నాలుగు ముక్కలు అటూ ఇటూ దొర్లిస్తే మధ్యాహ్నానికి చెరసాల అయ్యేది. మన సురభి నాటకాలవాళ్లు చూస్తే మెచ్చుకునేవాళ్లు.

లాన్సిలాట్ కథల్లో 14 రంగుల్లో తీశారు. ఇంగ్లండులో రంగుల్లో తీసిన మొదటి టెలివిజను కథల వరస ఇదే. అమెరికాలో చూపించటానికి అలా తీశారు. ఇంగ్లండులో రంగుల ప్రసారం 1967లో గాని మొదలు కాలేదు, ఐ.టి.వి.కి 1969లో గాని రాలేదు. అంటే, ఆ రంగులన్నీ మా ముందునుంచే నలుపూ తెలుపూగా వెళ్లిపోయాయన్నమాట.

ఇప్పుడు అసలు సంగతి. కథ మొదట్లో తెర మీద రచయిత పేరు పడుతుంది గదా. అలా పడిన పేర్లలో కొన్నింటికి మనుషులు లేరు! అవి దొంగపేర్లు.

ఎందుకో చెబుతాను. 1947లో అమెరికాలో పార్లమెంటువారి సంఘం ఒకటి సినిమాలవాళ్లను పిలిచి, నువ్వు కమ్యూనిస్టువా, కాదా అని ప్రశ్నించటం మొదలుపెట్టింది. పదిమంది, అలా అడిగే హక్కు మీకు లేదని జవాబు చెప్పలేదు. వాళ్లలో రింగ్ లార్డ్‌నర్ అనే రచయిత ఒకడు. అప్పటికే ఆయనకు ఆస్కారు బహుమానం వచ్చింది. జవాబు చెప్పనందుకు ఆయనను 1950లో డాన్‌బరీ అనే చోట జైల్లో పెట్టారు. ఆ జైల్లో ఆయనకు తెలిసిన మొహం ఒకటి కనిపించింది. ఎవరనుకున్నారు? ఆయనను ప్రశ్నించిన సంఘానికి అధ్యక్షుడుగా ఉన్న పెద్దమనిషే! లేని ఉద్యోగుల పేర జీతాలు రాసి ప్రభుత్వం సొమ్ము తిన్నందుకు ఆయనకూ శిక్ష పడింది. ఇది కథ కాదు, నిజంగా జరిగింది.

విడుదల అయ్యాక లార్డ్‌నరుకు సినిమా కంపెనీలు పని ఇవ్వలేదు. తరవాతి ఏళ్లలో ఆ సంఘం ఇంకా చాలామందిని పిలిచింది. వాళ్లను, "నీతోపాటు ఇంకెవరెవరున్నారు? పేర్లు చెప్పు," అని అడిగేవాళ్లు. స్నేహితుల పేర్లు చెప్పినవాళ్లకు మళ్లీ పని దొరికేది. చెప్పనివాళ్లకు లేదు. లార్డ్‌నరు స్నేహితుడు ఇయన్ మక్‌లెల్లన్ హంటర్ కూడా పని పోగొట్టుకున్నవాడే. అంతకుముందు, పని దొరకని మరో స్నేహితుడు డాల్టన్ ట్రంబో ఒక సినిమా కథ రాస్తే, హంటరు దానికి తన పేరు అరువిచ్చాడు. "రోమన్ హాలిడే" అనే ఆ సినిమా కథకు ఆస్కారు వచ్చింది, హంటరు పేరు మీద! అది ట్రంబోది అని ఒప్పుకుని ఆయన పేర బహుమానం ఇచ్చింది 1993లో. అప్పటికి ట్రంబో చనిపోయి పదిహేడేళ్లయింది.

లండనులో లాన్సిలాట్ కథలు తీసిన కంపెనీని నడిపినది హానా వైన్‌స్టైన్ అనే అమెరికా ఆవిడ. ఆవిడ ఈ రచయితలకు పని ఇచ్చింది. లార్డ్‌నరూ హంటరూ న్యూయార్కులో కూచుని రాబిన్ హుడ్ కథలూ, లాన్సిలాట్ కథలూ రాసి లండనుకు పంపేవాళ్లు. తెర మీద దొంగపేరు పడేది. ఒకే పేరు ఎక్కువసార్లు పడితే, ఈ మంచి రచయిత ఎవరో పిలవండి అంటారు గనక, పేర్లు మార్చేస్తూ ఉండేవాళ్లు.

ఇది చదివిన రాత్రి నాకు నిద్ర పట్టలేదు. మాట తప్పని యోధుణ్ణి వారం వారం నాకు చూపించిన ఆ కథలను రాసినవాళ్లలో, పేర్లు చెప్పనందుకు అన్నం పోగొట్టుకున్నవాళ్లున్నారు. ఆ కథలు తివాచీ మీద కూచుని చూసి, మర్నాడే నేను ఒక పేరు చెప్పాను.

వాళ్ల రాజకీయాలు సరైనవా, కావా అన్నది పెద్దయ్యాక మీరే చదివి తేల్చుకోండి. పేర్లు చెప్పినవాళ్లందరూ చెడ్డవాళ్లనీ నేను అనను. వాళ్లకూ అద్దె ఇళ్లుండేవి, పిల్లలుండేవాళ్లు. ఆ భయం ఎలాంటిదో నాకు బాగా తెలుసు.

2024 వేసవిలో నేను మా అమ్మాయి దగ్గరికి ఇంగ్లండు వెళ్లాను. వాళ్లు ఉండేది వాల్టనుకు దగ్గర్లోనే. స్టూడియో 1961లో మూతపడింది. ఆ చోట ఇప్పుడు దుకాణాలున్నాయి. హెప్‌వర్త్ పేరు మాత్రం ఒక రోడ్డుకు మిగిలింది. ఆ జూన్‌లోనే విలియం రసెల్ చనిపోయాడు, తొంభై తొమ్మిదేళ్ల వయసులో. ఆయన అసలు పేరు రసెల్ ఈనాక్ అట! చూశారా, ఈ కథలో ఎవరి పేరూ వాళ్లది కాదు. ఆయన లాన్సిలాట్ తరవాత 1963లో "డాక్టర్ హూ" అనే కథల్లో కాలంలో ప్రయాణం చేసే సైన్సు మాస్టరుగా వేశాడు. ఆ వేషమే మళ్లీ 2022లో, 57 ఏళ్ల తరవాత, ఒక్కసారి వేసి రికార్డు స్థాపించాడు. మీకు హారీ పాటర్ సినిమాల్లో డీన్ థామస్ తెలుసుగదా? ఆ వేషం వేసిన కుర్రవాడు ఈయన కొడుకే. ఈ మాట చెప్పాక గాని మా మనమరాలికి లాన్సిలాట్ మీద గౌరవం కలగలేదు.

ఆ పిల్లా నేనూ కలిసి రంగుల కథలు చూశాం. చిన్నప్పుడు నేను ఒక నోటుబుక్కు నిండా లాన్సిలాట్ బొమ్మలు గీసి, రంగులు నా ఇష్టం వచ్చినట్టు వేశాను. అసలు రంగులు 67 ఏళ్లకు చూశాను. నిజం చెప్పొద్దూ, నేను వేసినవే బాగున్నాయి.

ఒక ఆదివారం నేను ఒక్కణ్ణే మేమున్న ఆ వీధికి వెళ్లాను. వీధి ఉంది, ఆ ఇళ్ల వరస లేదు. పెద్ద భవనం కట్టారు. తెలిసినవాళ్లెవరైనా ఉంటారేమోనని రెండు తలుపులు తట్టాను, రెండేసిసార్లు. వాళ్లు మర్యాదగానే మాట్లాడారు. ఎవరికీ ఏమీ తెలియదు.

మరుసటి వారం మనమరాలినీ అమ్మాయినీ తీసుకుని వించెస్టరు వెళ్లాను. వాల్టను మీదుగా పోయే రైలు దారిలోనే అది ఉంది. అక్కడి పాత కోటలో మిగిలిన పెద్ద సభామందిరంలో, గోడ మీద ఎత్తున, ఒక గుండ్రబల్ల వేలాడుతూ ఉంటుంది. పద్దెనిమిది అడుగుల వెడల్పు, పన్నెండు వందల కిలోల బరువు. ఆర్థర్ బల్ల అని చాలాకాలం నమ్మారు గాని, ఆ కొయ్య పదమూడో శతాబ్దం నాటిదని శాస్త్రజ్ఞులు తేల్చారు. దాని మీది రంగులు ఇంకా తరవాతివి, ఎనిమిదో హెన్రీ రాజు కాలంలో వేసినవి. ఆకుపచ్చా తెలుపూ చీలికలు, నడుమ గులాబి, పైన ఆర్థర్ బొమ్మ. ఆ బొమ్మ మొహం అచ్చంగా హెన్రీదిలా ఉంటుందంటారు. రాజుగారి డబ్బుతో రంగులు వేస్తే మరి ఎవరిదిలా ఉంటుంది? బల్ల అంచు చుట్టూ నైట్ల పేర్లు. మనమరాలు మెడ వెనక్కు వాల్చి లెక్కపెట్టింది. ఇరవై నాలుగు. లాన్సిలాట్ పేరు కనిపించింది. బ్రయన్ పేరు లేదు. అతన్ని టెలివిజనువాళ్లే పుట్టించారు గదా!

"అయితే చోటు అయిపోయిందా తాతయ్యా? ఇంకెవరినీ రాయరా?" అన్నది.

తిరుగు రైల్లో ఆ పిల్ల నోటుబుక్కు తీసి పేజీ నిండా ఒక వృత్తం గీసింది. గీతలు పెట్టి ముక్కలు చేసింది. ఒక ముక్కలో బ్రయన్ పేరు రాసింది. లార్డ్‌నర్, హంటర్ అని నేను చెబితే రాసింది. వాళ్ల ముత్తమ్మమ్మ పేరు, అంటే మా అమ్మ పేరు రాసింది, బ్రహ్మనాయుడికీ ఒక ముక్క ఇచ్చింది. ఆ తరవాత పెన్సిలు పైకెత్తి, "గాజు పగిలిందన్నావే, ఆ అబ్బాయి పేరేమిటి?" అని అడిగింది. ఆ కథ దానికి ఎప్పుడు చెప్పానో నాకే గుర్తు లేదు.

చెప్పాను. అరవై ఏడేళ్లలో ఆ పేరు పైకి అనటం అదే మొదటిసారి.

"స్పెల్లింగు?" అన్నది.

ఆ పేరు నేను వినటమే గాని, రాసి ఉండగా ఎన్నడూ చూడలేదు. చివరి అక్షరం ఒకటా, రెండా అన్నది నాకు తెలియదు. అదే చెప్పాను. ముక్కలో చోటు చాలా ఉంది గనక, అది రెండూ రాసేసింది.